తొమ్మిదో పేరా

కళ్లు మూసుకోండి, నేను వచ్చి చెప్పేదాకా తెరవకండి అని నర్సు రెండు కళ్లలోనూ చుక్కలు వేసి వెళ్లిపోయింది. భగ్గుమన్నాయి కళ్లు. వీర్రాజు రెప్పలు గట్టిగా బిగించి, ఆమె ఇచ్చిన దూదిని చెంపకి ఆనించుకుని, ఇక ఈ గంటసేపు తనకి ఏమీ కనిపించదు, కనిపించనివాడు ఏం చెయ్యగలడు, చెయ్యలేనివాడి తప్పేముంది అని తనకి తనే వాదించుకున్నాడు. వాదన బాగానే ఉంది గానీ నెగ్గేలా లేదు. పంజాగుట్ట ఫ్లైఓవరు పక్కనున్న ఈ కళ్ల క్లినిక్‌కి గురువారం పొద్దున పదకొండింటికే రమ్మని అతన్నెవరూ బతిమాలలేదు. శనివారం ఖాళీ ఉంది అంకుల్ అని ఫోన్లో పిల్ల చెప్పింది కూడా. కాదమ్మా, గురువారమే కావాలి అని పట్టుబట్టి రాయించుకున్నాడు. గురువారం హైకోర్టులో రుద్రమ్మ కేసు ఉంది. జాబితాలో ముప్పై ఒకటో నంబరు. సూర్యనారాయణ గారి దగ్గర ప్లీడరు గుమాస్తాగా చేరిన ఈ ముప్పై రెండేళ్లలో, ఆఫీసు కేసు పిలుపుకి వచ్చే రోజున సెలవు పెట్టిన పాపాన పోలేదు వీర్రాజు. ఈవేళ పోయాడు.

చుక్కలు పడకముందు ఫోన్లో చూసుకున్నాడు. ఏ హాల్లో ఎన్నో నంబరు నడుస్తోందో ఇప్పుడు ఫోన్లోనే కనిపిస్తోంది. ఒకప్పుడు ఆ సంగతి కోసం వరండాల్లో పరుగులు పెట్టింది తనే. తొమ్మిది నడుస్తోంది. తొమ్మిది నుంచి ముప్పై ఒకటికి ఎంతసేపు పడుతుందో ఆ జడ్జిగారి తీరు తెలిసినవాడికి లెక్క కష్టం కాదు. గంట, కాకపోతే గంటంపావు. ఈలోగా తను ఒక్క ఫోను చేసి ఒక్క ముక్క చెబితే చాలు. రుద్రమ్మ దుకాణం మీద అప్పీలు ఇదివరకే ఉందమ్మా, నాలుగేళ్ల నాడు మన ఆఫీసు నుంచే వేశాం, అదింకా తేలలేదు, ఇప్పుడీ కొత్త పిటిషన్ నిలవదు. అంతే. ఒక అప్పీలు పెండింగ్‌లో ఉండగా అదే గొడవ మీద పక్కనుంచి ఇంకో పిటిషన్ తెస్తే ఏ కోర్టూ ఒప్పుకోదు. కావాల్సింది ఆ అప్పీల్లోనే అడుక్కోమంటుంది. ఆ సంగతి హైకోర్టు గేటు దగ్గర చాయ్ పోసేవాడికి కూడా తెలుసు. కానీ అప్పీలు ఉందన్న సంగతి తెలిసినవాడు ఆఫీసులో వీర్రాజు ఒక్కడే. సూర్యనారాయణ గారికి డెబ్భై నాలుగు నిండాయి. గుర్తు పెట్టుకోవడం ఆయన ఎప్పుడో మానేశారు, అడుగు వీర్రాజుని అనడం ఒక్కటే ఆయనకి మిగిలిన జ్ఞాపకం. రుద్రమ్మకి కేసు నడుస్తోందని తెలుసు గానీ ఎక్కడ ఏది నడుస్తోందో తెలీదు. ఇక మిగిలింది ఆ పిటిషన్ రాసిన జూనియర్ లాయరు హైందవి. హైందవికి తెలీదు. తెలియకూడదనే కదా ఇంత చేసింది.

హైందవి అంటే కుళ్లు. ఆ మాట పైకి ఎప్పుడూ అనలేదు, లోపల కూడా ఈమధ్యనే ఒప్పుకున్నాడు. రెండేళ్ల కిందట భుజానికి లాప్‌టాప్ సంచీ తగిలించుకుని, నల్లకోటు మడిచి చేతిమీద వేసుకుని, మెట్రో దిగి చెమటలు కక్కుతూ వచ్చి నమస్కారం అండీ అన్నప్పుడు బాగానే చూశాడు. జూనియర్లు వస్తారు, పోతారు. డాకెట్ రాయడం, కేసు కట్ట కట్టడం, ఏ కాగితం మీద ఏ స్టాంపు పడాలో, ఏ సెక్షన్లో ఎవరిని ఏమని పలకరించాలో వాళ్లందరికీ నేర్పింది తనే. నేర్చుకుని వెళ్లిపోయేవాళ్లు, పండక్కి ఫోను చేసేవాళ్లు, ఆ తర్వాత అదీ మానేసేవాళ్లు. ఈ పిల్ల వెళ్లలేదు. ఆరు నెలలకే సూర్యనారాయణ గారు లోపలి గదిలో తన బల్ల పక్కన ఆమెకి బల్ల వేయించారు. వీర్రాజు కుర్చీ ఏళ్ల తరబడి ఆ గది గుమ్మం దగ్గర ఆగిపోయి ఉంది. లోపల్నించి వీర్రాజూ అని పిలుపు వచ్చేది, రోజుకి ఎన్నిసార్లో. ఒక్కోసారి విసుక్కునేవాడు కూడా. ఇప్పుడు హైందవీ అని వస్తోంది. అదే గొంతు, అదే సాగదీత, చివర అదే దగ్గు. ఆ దగ్గు కూడా తనకి రావలసిందేనని అనిపించిన రోజున తన మీద తనకే నవ్వొచ్చింది. యాభై ఎనిమిదేళ్లవాడు ఒక ముసలాయన దగ్గు కోసం కుళ్లుకోవడం ఏంటి అని మందలించుకున్నాడు. మర్నాడు మళ్లీ దగ్గు వినిపించింది, మళ్లీ కుళ్లుకున్నాడు.

అప్పుడు సాఫ్ట్‌వేర్ వచ్చింది. కేసులన్నీ ఒకచోట ఉంటాయండీ, పేరు కొడితే చాలు వాయిదాలన్నీ వస్తాయి అంది హైందవి. వీర్రాజు గోడ బీరువా తెరిచి తన డైరీలు చూపించాడు, ఏడాదికొకటి, ముప్పై రెండు. ఆమె నోరు తెరుచుకుని చూసింది. పొగుడుతూనే అంది ఆ మాట, కళ్లల్లో నిజమైన ఆశ్చర్యంతో అంది: మీ బుర్రలో ఉన్నదంతా ఇందులోకి దింపేద్దాం వీర్రాజు గారూ. దింపేద్దాం. ఇంట్లో సామాను లారీలోకి దింపేసినట్టు. దింపేశాక ఖాళీ బుర్రని ఏం చేస్తారమ్మా అని అడగాలనిపించింది, అడగలేదు. మూడు వారాలు మధ్యాహ్నం పూట తను కట్ట విప్పి చదవడం, ఆమె టకటకా కొట్టడం. చదువుతుంటే తన ఆయుష్షు తనే చదివి అప్పజెబుతున్నట్టు ఉండేది. ఒక్కో కట్ట దింపాక అది బీరువాలోకి తిరిగి వెళ్లినప్పుడు ఇదివరకటి బరువు ఉండేది కాదు. ఇక రాజనర్సయ్య కట్ట దగ్గరికి వచ్చిన రోజున ఏం జరిగిందో తల్చుకోకూడదని అనుకున్నాడు. అనుకోగానే అదే ముందుకొచ్చి కూర్చుంది.

రాజనర్సయ్య రుద్రమ్మ మొగుడు. మధురానగర్ వైపు హాస్టళ్ల సందులో ఒక చిన్న మల్గీ, రోడ్డు మీదికి తెరుచుకునే దుకాణం గది, అతని పేరు మీద ఉంది. సాయంత్రమయ్యేసరికి రుద్రమ్మ ఆ మల్గీ ముందు పొయ్యి వెలిగించి జొన్న రొట్టెలు కొడుతుంది. కోచింగులకి వచ్చిన పిల్లలు అరిచేతుల్లో కాగితం పట్టుకుని వరసగా నిలబడతారు. రోడ్డు వెడల్పు చేస్తున్నాం, ఇది మా జాగా అని మున్సిపల్ వాళ్లు అన్నప్పుడు రాజనర్సయ్య దావా వేశాడు, సిటీ సివిల్ కోర్టులో ఓడిపోయాడు, హైకోర్టుకి అప్పీలు వేశాడు, వేసిన ఆర్నెల్లకి పక్షవాతం వచ్చి మంచం పట్టాడు. అప్పట్నుంచి ఆఫీసు మెట్లెక్కేది రుద్రమ్మే. వాయిదా ఉన్నా లేకపోయినా నెలకోసారి వచ్చేది, వీర్రాజు కుర్చీ పక్కన గోడకి ఆనుకుని కింద కూర్చునేది, కొంగులోంచి కాగితం పొట్లం తీసేది. రెండు జొన్న రొట్టెలు, మీద ఎల్లిపాయ కారం. తిను సారూ, సల్లారక ముందుగాలనే తిను అనేది. కోనసీమ అన్నం తిని పెరిగిన వీర్రాజుకి మొదట్లో ఆ రొట్టె గొంతు దిగేది కాదు. తర్వాత తర్వాత ఆమె రావడం ఆలస్యమైతే ఆ నెల ఏదో లోటుగా ఉండేది. సూర్యనారాయణ గారికి కాదు, జూనియర్లకి కాదు, ఆఫీసు మొత్తానికి ఒక్క వీర్రాజుకే తెచ్చేది. ఆయన లాయరైతే నాకేంది, నా కేసు రాజు సారు నెత్తిల ఉన్నది అనేది అందరికీ వినబడేలా. ముప్పై రెండేళ్ల కొలువులో అంతకన్నా పెద్ద బిరుదు తనకెవరూ ఇవ్వలేదు.

ఆ మధ్యాహ్నం రాజనర్సయ్య కట్ట బీరువాలోంచి తీసి ఒళ్లో పెట్టుకుని కూర్చున్నాడు, తర్వాతిది అదే. రుద్రమ్మ వచ్చింది. వీర్రాజు మామూలుగా చెయ్యి చాపాడు కూడా. ఆమె అతన్ని దాటుకుని లోపలి గదిలోకి వెళ్లి, బిడ్డా పొద్దుగాల నుంచి ఏం తినకుండ పనిచేస్తున్నవ్, ఇగో అని పొట్లం హైందవి చేతిలో పెట్టింది. ఒకటే పొట్లం. బయటికొచ్చి గోడ పక్కన కూర్చుని, పిల్ల మస్తు మంచిది సారూ అంది. హైందవి ఒక రొట్టె తుంచి ఇటు తెచ్చి ఇవ్వబోయింది. వద్దమ్మా, నేను తినను, అరగదు అన్నాడు. చాపిన చెయ్యి ఏం చెయ్యాలో తోచక కట్ట మీద పెట్టాడు. కాసేపటికి హైందవి వచ్చి తర్వాతది ఏంటండీ అంటే, ఈవేళ్టికి చాలమ్మా, కళ్లు లాగుతున్నాయి అని కట్టని బీరువాలో కింది అరలో, పాత రసీదు పుస్తకాల వెనక పెట్టేశాడు. రేపు తీద్దాంలే అనే అనుకున్నాడు. నిజంగానే అనుకున్నాడు. మర్నాడు తీయలేదు, ఆ మర్నాడూ తీయలేదు. ఆ మూడు వారాలూ పూర్తయ్యాక, అన్నీ అయిపోయినట్టేనా అండీ అని ఆమె అడిగితే, అయిపోయినట్టే అన్నాడు.

నర్సు మళ్లీ వచ్చి రెప్పలు విప్పి రెండో విడత చుక్కలు వేసింది. ఈసారి మంట తక్కువ. వెలుతురు మాత్రం తెల్లటి ముద్దలా లోపలికి దూరింది. అద్దాల అవతల మెట్రో రైలు వెళ్లిన అదురు కుర్చీలోంచి నడుముకి తెలిసింది. ఫోను తీసి మొహానికి దగ్గరగా, దూరంగా, మళ్లీ దగ్గరగా పెట్టి చూశాడు, అంకెలన్నీ అలికేసినట్టున్నాయి. పక్క కుర్చీలో ఒక ముసలావిడకీ చుక్కలు వేసినట్టున్నారు, ఇంకెంతసేపురా దుర్గేషా అని సణుగుతోంది. ఆవిడ కొడుకు, నలభై ఏళ్ల మనిషి గొంతు, అయిపోయిందమ్మా జర ఓపిక పట్టు అంటున్నాడు. వీర్రాజు ఆ గొంతు వైపు ఫోను చాపి, బాబూ, ఇందులో రెండో వరస పక్కన నంబరెంతో చెబుతారా అన్నాడు. పదిహేడు అన్నా, అన్నాడు దుర్గేష్. ఏంది, ఆస్పత్రి టోకెనా? కాదు, కోర్టు. దుర్గేష్ ఫోను తిరిగి చేతిలో పెట్టాడు.

పదిహేడు. ఇంకా పద్నాలుగు ఉన్నాయి. మున్సిపల్ వాళ్లు మళ్లీ నోటీసిచ్చింది పదిహేను రోజుల కిందట. ఈసారి రుద్రమ్మ పేరున వచ్చింది, దుకాణం లైసెన్సు ఆమె పేరు మీద ఉంది కనక. ఆమె ఏడుస్తూ నేరుగా లోపలి గదిలోకే వెళ్లింది. హైందవి తన సాఫ్ట్‌వేర్లో రుద్రమ్మ అని కొట్టింది, ఏమీ రాలేదు. హైకోర్టు వెబ్‌సైట్లో రుద్రమ్మ అని కొట్టింది, ఏమీ రాలేదు. వస్తుందా, అప్పీలు మొగుడి పేరున ఉంటే? ఆ సాయంత్రం గుమ్మం దగ్గరికి వచ్చి అడిగింది, వీర్రాజు గారూ, ఈమెకి పాతది ఏమైనా నడుస్తోందా అండీ, ఏదో కేసు కేసు అంటోంది, ఓడిపోయామనీ అంటోంది. అడగడమైతే అడిగింది. అందులో ఆమె తప్పు లేదు. వీర్రాజు అబద్ధమూ చెప్పలేదు. సిస్టంలో చూశారా అమ్మా అన్నాడు. చూశానండీ, లేదు. ఆఁ, మరి అన్నీ దింపేశాం కదా అన్నాడు. రెండూ నిజాలే, విడివిడిగా. ఓడిపోయిన దావా సంగతి చెబుతోందేమోలెండి అని ఆమే సర్దుకుని వెళ్లిపోయింది. తన జవాబులోని తెలివికి వీర్రాజు ఆ పూట కాస్త మురిసిపోయాడు కూడా. ఇంటికెళుతూ అమీర్‌పేటలో కిక్కిరిసిన మెట్రో మెట్ల మీద, ఎవరో భుజం తగిలి సారీ అంకుల్ అంటే, అకారణంగా వాడి మీద విరుచుకుపడ్డాడు.

దాన్ని జవాబు అని సరిపెట్టుకోవచ్చు. మంగళవారం జరిగిన దానికి ఆ సర్దుబాటు కూడా లేదు. పిటిషన్‌తో పాటు పెట్టే ప్రమాణపత్రం, అఫిడవిట్, ఇంగ్లీషులో ఉంటుంది. తెలుగు మాత్రమే వచ్చిన మనిషి సంతకం పెట్టేటప్పుడు, అందులో ఏముందో పేరా పేరా తెలుగులో చదివి చెప్పాలి, విన్నవాళ్లు నిజమేనని ఒప్పుకోవాలి, ఆ సంగతి కింద రాయాలి. ఈ చదివి చెప్పడం ఆ ఆఫీసులో మొదట్నుంచీ వీర్రాజు పనే. ఆ పని వీర్రాజు చేస్తే వినాలి అని సూర్యనారాయణ గారు వచ్చిన వాళ్లతో అనేవారు. ఇంగ్లీషు వాక్యం కళ్లతో అందుకుని, ఎదుట కూర్చున్నది రైతైతే రైతు మాటలో, దుకాణందారైతే దుకాణం మాటలో దించేవాడు. మంగళవారం రుద్రమ్మ ఎదురుగా కూర్చుంది. ఒకటో పేరా నుంచి ఎనిమిది దాకా చక్కగా చదివాడు. తొమ్మిదోది వచ్చింది. ఈ విషయమై నేను గాని, నా తరఫున ఎవరు గాని ఏ కోర్టులోనూ వేరే దావా, పిటిషన్, అప్పీలు వెయ్యలేదు, ఏదీ పెండింగ్‌లో లేదు. హైకోర్టులో వేసే ప్రతి రిట్ పిటిషన్‌లోనూ ఉండే పేరానే అది. అది చదివి ఉంటే రుద్రమ్మ వెంటనే, అదేంది సారూ, మా ఆయన కేసు నడుస్తనే ఉన్నది కదా, నువ్వే సంతకం పెట్టిచ్చినవ్ కదా అనేది. అంటుందని తెలుసు. వీర్రాజు చూపు ఆ పేరా మీద ఒక్క క్షణం ఆగింది, పదో పేరాలోకి దిగింది. అందువల్ల నా దుకాణం కూల్చకుండా ఆపవలసిందిగా కోర్టువారిని వేడుకుంటున్నాను అని గొంతు పెంచి చదివాడు. రుద్రమ్మ కళ్లు తుడుచుకుంది. అంతేనా సారూ? అంతే. ఆమె ఒక్కో అక్షరం పేరుస్తూ సంతకం పెట్టింది. దేవుని ముందు పెట్టినట్టే సారూ అంది.

ఇప్పుడు ఆ పేరా ఆమె మీద పడుతుంది. మూసిన కళ్ల వెనక వీర్రాజుకి హాలు మొత్తం కనిపిస్తోంది, తెరిచి చూసినదానికన్నా స్పష్టంగా. ముప్పై ఒకటి అని పిలుస్తారు. హైందవి లేస్తుంది. అవతల మున్సిపల్ లాయరు లేచి, ఈమె భర్త వేసిన అప్పీలు ఇదే దుకాణం మీద నాలుగేళ్లుగా పెండింగ్‌లో ఉంది, ప్రమాణం చేసి దాచారు అంటాడు. జడ్జిగారు కళ్లజోడు తీసి హైందవిని చూస్తారు. ఇక్కడిదాకా వీర్రాజు చాలాసార్లు చూసుకున్నాడు ఈ వారంలో, చూసుకున్న ప్రతిసారీ ఒళ్లంతా హాయిగా ఉండేది. ఆ పిల్ల తడబడుతుంది. హాల్లో అందరూ చూస్తారు. తిరిగొచ్చాక సూర్యనారాయణ గారు తల పట్టుకుని, వీర్రాజుని అడగాలమ్మా ముందు అంటారు. ఆ ఒక్క మాట కోసం. కానీ కళ్లు తెరిచి తప్పించుకోవడానికి వీల్లేని ఈ కుర్చీలో, బొమ్మ అక్కడ ఆగడం లేదు. హైందవి వెనక, చివరి బెంచీ అంచున, జడ్జిగారు తన పేరు ఎందుకన్నారో అర్థంకాక చుట్టూ చూస్తూ రుద్రమ్మ కనిపిస్తోంది. అబద్ధపు ప్రమాణం చేసిందన్నారని ఎవరో ఆమెకి తెలుగులో చెబుతున్నారు. దాచినవాళ్లని నమ్మేదేముందని రేపు అప్పీల్లో కూడా స్టే ఇవ్వకపోతే బుల్డోజరు రావడానికి ఒక్క పూట చాలు. మంచంలో రాజనర్సయ్య ఒక పక్క పడిపోయిన నోటితో ఏమైంది అని అడుగుతాడు. ఇదేదీ ఇదివరకు ఎందుకు కనిపించలేదో వీర్రాజుకి తెలుసు. తను చూడదల్చుకున్న మొహం ఒక్కటే.

ఇరవై నాలుగు అన్నా, అన్నాడు దుర్గేష్, ఈసారి అడక్కుండానే ఫోను తీసుకుని చూసి. జోరుగ పోతున్నది. అవును, ఆ జడ్జిగారు మధ్యలో పట్టుకున్నారంటే అంతే. ఇంకా టైముంది. ఇప్పుడు చెబితే అడుగుతారు, ఇన్నాళ్లూ ఏం చేశావని. చెప్పకపోతే ఎవరూ అడగరు. పెద్దవాడు, ఏదో కట్ట మిస్సయింది అనుకుంటారు. బుల్లబ్బాయి గుర్తొచ్చాడు. తనకన్నా ముందు ఆ గుమ్మం దగ్గర కూర్చున్న గుమాస్తా. తను కొత్తగా చేరినప్పుడు బుల్లబ్బాయి ప్రతి కట్టకీ ఏదో మెలికల ముడి వేసేవాడు, అతను తప్ప ఎవరూ విప్పలేకుండా. ఒకరోజు సూర్యనారాయణ గారు తొందరపెడితే వీర్రాజు బ్లేడుతో దారం కోసేశాడు. బుల్లబ్బాయి ఆ తెగిన దారం చేతిలో పట్టుకుని, నేను చచ్చాక కొయ్యరా, అందాకా ఆగలేవా అన్నాడు. ఆ మాటకి వీర్రాజుకి జాలి వెయ్యలేదు, అసహ్యం వేసింది. మనిషన్నవాడు ఇంత కుళ్లుకోవాలా అనుకున్నాడు. అనుకున్నవాడు ఎక్కడికీ పోలేదు, ఇదే ఒంట్లో ఉన్నాడు. ఆ కుర్ర వీర్రాజుకి ఇవాళ తన మొహం చూపించడం కష్టంగా ఉంది.

ఇరవై ఎనిమిది, అన్నాడు దుర్గేష్.

వీర్రాజు ఫోను లాక్కున్నంత పని చేసి, కనిపించకపోయినా వేలితో తడుముకుని, చివరికి బాబూ, హైందవి అని ఉంటుంది, కొట్టిపెట్టండి అన్నాడు. మోగింది, మోగింది, ఆగిపోయింది. హాల్లో ఉంటే ఎత్తదు, ఫోను నోరు నొక్కేసి ఉంటుంది. సూర్యనారాయణ గారు ఈ వేళప్పుడు ఫోను చెవిదాకా తీసుకోరు. మళ్లీ కొట్టించాడు. మళ్లీ అంతే. మెసేజ్ పెట్టండి బాబూ అన్నాడు, నేను చెబుతా, మీరు రాయండి. రుద్రమ్మ భర్త రాజనర్సయ్య పేరు మీద ఇదే మల్గీకి అప్పీలు పెండింగ్‌లో ఉంది. రాశారా? మన ఆఫీసే వేసింది. పిటిషన్ వాపస్ తీసుకుంటామని అడగండి. నంబరు చెప్పాడు, సంవత్సరం చెప్పాడు. ఏ కాగితమూ చూడకుండా, ఎక్కడా తడుముకోకుండా. దుర్గేష్ ఒక్కో అక్షరం వెతుక్కుంటూ కొడుతున్నాడు. తొందర పెట్టాలని ఉంది, పెట్టలేడు. పంపేసిన చప్పుడు వినిపించింది.

"గిది ఆమెకు ముందుగాలనే చెప్పకపోయినవా అన్నా?" అన్నాడు దుర్గేష్. నిలదీసినట్టు కాదు, మామూలుగానే.

"చెప్పలేదు బాబూ," అన్నాడు వీర్రాజు.

తర్వాత ముప్పై అయింది. ముప్పై ఒకటి మొదలైంది. దుర్గేష్ అమ్మని లోపలికి పిలిచారు. ఆవిణ్ని పట్టుకుని లేస్తూ, ఫికర్ చేయకు అన్నా, మెసేజ్ పోయింది అని చెప్పి వెళ్లాడు. ఇక నంబరు చెప్పేవాళ్లు లేరు. ముప్పై ఒకటి ఎంతసేపు నడిచిందో తెలీదు. ఆ కాసేపట్లో వీర్రాజు చిత్రమైన సంగతి ఒకటి గమనించాడు. ఆ పిల్ల మెసేజ్ చూడాలని దేవుళ్లందరికీ మొక్కుతున్నాడు, అదే నోటితో, చూస్తే ఎంత చాకచక్యంగా బయటపడుతుందోనని అప్పుడే కుళ్లుకుంటున్నాడు. రెండూ ఒక్కసారే.

ఫోను మోగింది. వెనక వరండా గోల. హైందవి ఊపిరి పీల్చుకుంటూ చెప్పింది. నంబరు పిలిచారట, లేచిందట, అవతలాయన అప్పీలు ఉందని, దాచారని అన్నాడట. నిజమేనా అని జడ్జిగారు అడిగితే, లేదని చెప్పడానికి నోరు తెరిచిందట. అప్పుడు చూసింది బల్లమీద ఫోను. నిజమేనండీ, మా ఆఫీసు పొరపాటు, ఇప్పుడే తెలిసింది, వెనక్కి తీసుకోనివ్వండి అందట. జడ్జిగారు చీవాట్లు పెట్టారు. అప్పీలు ఒకచోట ఉండగా దానికి పక్కన ఇంకో పిటిషన్ మేం వినం, అడగాల్సింది అక్కడ అడగండి, ప్రమాణపత్రం మీద సంతకం పెట్టించేముందు చదువుకోండి అన్నారు. కానీ ఒప్పుకున్నారు కనక వదిలేస్తున్నాను అన్నారట. పదిరోజులు దుకాణం జోలికి పోమని అవతలి లాయరు మాటిచ్చాడట. ఈలోగా అప్పీల్లో పిటిషన్ వేసేయాలి. ఆమె ఇంకా ఏదో చెబుతుండగానే పక్కనుంచి రుద్రమ్మ గొంతు, రాజు సారేనా, ఇటియ్యి బిడ్డా అని.

"సారూ, నువ్వు ఫోన్ల పెట్టకపోతే నేను అబద్ధమాడినట్టు అయితుండెనట. అందరు మర్చిపోయినా నువ్వు మర్వవని నాకెర్కే," అంది రుద్రమ్మ.

ఆమె జవాబు కోసం చూడలేదు, ఫోను హైందవికి తిరిగి ఇచ్చేసింది. అడుగుల చప్పుడు, వరండా గోలకి దూరంగా హైందవి ఏ స్తంభం పక్కకో జరిగినట్టుంది. గొంతు తగ్గించింది.

"ఒకటి అడగనా వీర్రాజు గారూ. పాతది ఏమైనా ఉందా అని నేనడిగిన రోజున మీకు గుర్తు రాలేదు, అంతే కదండీ?"

అడిగిన తీరులోనే జవాబు అందించి ఉంది. అంతే కదండీ. అవునమ్మా, పెద్దవాణ్నయ్యాను, మర్చిపోయాను అంటే చాలు. ఆమె నమ్ముతుంది, నమ్మకపోయినా నమ్మినట్టే ఉంటుంది, సూర్యనారాయణ గారికి అలాగే చెబుతుంది. అబద్ధాన్ని కూడా అంత మర్యాదగా చేతికి అందించగల మంచితనం ఈ పిల్లకి ఎక్కడిది, తనకెందుకు లేదు అని ఆ క్షణంలో కూడా కుళ్లే పుట్టింది. మర్చిపోయాను అన్నాడా, రేపట్నుంచి అడుగు వీర్రాజుని అనేవాళ్లు ఉండరు. గుమ్మం దగ్గర కుర్చీ ఉంటుంది, అందులో మర్చిపోయే ముసలాడు ఒకడుంటాడు. మర్చిపోలేదు అన్నాడా, ఆ కుర్చీయే ఉండకపోవచ్చు. నిజం చెప్పాలని ఉందో, మర్చిపోయేవాడు అనిపించుకోవడం చేతకావడం లేదో అతనికే తేలలేదు. తేలేదాకా ఆగితే మళ్లీ నోరు పెగలదని మాత్రం తెలుసు.

"గుర్తుందమ్మా," అన్నాడు వీర్రాజు. "మీరు అడిగినప్పుడూ గుర్తుంది. ఆవిడకి తొమ్మిదో పేరా చదవకుండా దాటేసినప్పుడూ గుర్తుంది."